లోపలికి తిరిగిన కుట్టు

చచ్చినవాడి కాలు తెచ్చి నా ముందు బల్ల మీద పెట్టి, ఇన్‌స్పెక్టరు తాపీగా టీ తాగుతున్నాడు.

"చూసుకోండి గురువుగారూ. మీకు బాగా తెలిసిన సరుకే కదా," అన్నాడు.

ఒకప్పుడు ఇతను నా కింద పనిచేశాడు. లారీ చక్రం కింద నా ఎడమకాలు పోయాక నా కుర్చీలో వచ్చి కూర్చున్నాడు. కాలు పోయినంత బాధ కుర్చీ పోయినందుకు లేదని జనం దగ్గర చెబుతుంటాను గానీ, అది వట్టి అబద్ధం. గురువుగారూ అన్నప్పుడల్లా ఇతని పెదవి చివర ఒక నవ్వు కదులుతుంది. ఎప్పుడో ఒకనాడు ఆ నవ్వు మీద చెయ్యి చేసుకుంటానేమోనని నాకు భయం.

ప్లాస్టిక్ సంచిలో ఉన్నది మోకాలి కింద తొడుక్కునే కృత్రిమ కాలు. పైన మొండి దూర్చే సాకెట్టు, దాని కింద గొట్టం, చివర పాదం, పాదానికి నల్లబూటు. గొట్టమూ పాదమూ కలిసే చోట ఒక మర సగం బయటికి వచ్చి ఉంది.

"ఈ మర వదులు చేశారు," అన్నాడు ఇన్‌స్పెక్టరు, బూటు వైపు గ్లాసుతో చూపించి. "మెట్లు దిగుతుంటే పాదం పక్కకి తిరిగింది. మనిషి దొర్లాడు, తల పగిలింది. తమ్ముడి జేబులో ఈ మరని తిప్పే ఎలెన్ కీ దొరికింది. ముందురోజు సాయంత్రం అన్నదమ్ములు పోట్లాడుకున్నారు. 'నీ చావు నువ్వు చావు' అని తమ్ముడు అరిచి వెళ్ళడం వార్డంతా విన్నారు. తెల్లవారుజామున పోయినాయన ఫోను నుంచి తమ్ముడి ఫోనుకి కాల్ వెళ్ళింది, అవతల ఎత్తి మాట్లాడారు. ఇంకేం కావాలి మీకు?"

"తమ్ముడేమంటాడు?"

"రాత్రంతా తన వెల్డింగ్ షాపులోనే పడుకున్నాడట. ఫోను ఇంట్లో చార్జింగ్‌లో మర్చిపోయాడట. పట్టుబడ్డ ప్రతివాడూ ఆ రాత్రే ఫోను మర్చిపోతాడు, అదేం చిత్రమో. నాలుగింటికి కోర్టులో పెడుతున్నాను. పెట్టాక మీ ఇష్టం, బెయిలుకి తిరుగుతారో, గుడికి తిరుగుతారో."

పోయినాయన సరుకు దించే యార్డులో క్రేన్ నడిపే మేస్త్రి. మేం కూర్చున్న ఈ ఆసుపత్రి మొదటి అంతస్తులో కాళ్ళూ చేతులూ పోయినవాళ్ళకి నడక నేర్పే వార్డు ఉంది. మేస్త్రి కొన్ని వారాలుగా అందులో ఉంటున్నాడు. నిన్న తెల్లవారి వార్డు వెనక మెట్ల కింద శవమై కనిపించాడు, కుడిమోకాలికి కృత్రిమ కాలు తొడుక్కుని, నిద్రలో లేచివచ్చినవాడిలా నలిగిన లుంగీతో.

నన్ను ఈ కేసులోకి దింపింది ఆయన భార్య. నిన్న మధ్యాహ్నం, ఉద్యోగం పోయాక ప్రైవేటుగా కేసులు చూసుకునే నా గదికొచ్చి కుర్చీ చివర కూర్చుంది. పొట్టి మనిషి. ఏడవలేదు.

"మా మరిదిని బయటికి తీసుకురండి అన్నయ్యగారూ. వాడు అన్నని చంపడం ఏమిటి? ఆయనకి ఒళ్ళు తుడిచిందీ వాడే, కట్టు కట్టిందీ వాడే, కాలు తొడిగిందీ వాడే. నాకు అసలు చూపిస్తే కదా! నేనొస్తే దుప్పటి లాక్కునేవారు. ఇన్నాళ్ళలో ఆ మొండికాలు ఒక్కసారి కూడా నా కంట పడనివ్వలేదు."

కాలు ఎలా పోయిందని అడిగాను. షుగర్ మనిషి. పాదాలకి స్పర్శ తగ్గింది. బూటులోకి మేకు దిగితే రోజంతా దాని మీదే నిలబడి క్రేన్ నడిపాడు, నొప్పి తెలియలేదు.

"వాసన నాకే ముందు తెలిసింది. బూటు విప్పితే గదిలో ఉండలేకపోయేదాన్ని. యార్డులో తెలిస్తే క్రేన్ ఎక్కనివ్వరు, ఎవరికీ చెప్పకు అన్నారు. చెప్పలేదు."

చెప్పలేదు కాబట్టి ముందు బొటనవేలు తీశారు. తర్వాత సగం పాదం తీశారు. చీము ఆగక చివరికి మోకాలి కింద కోశారు. గోటితో పోయేది గొడ్డలి దాకా రావడమంటే ఇదే. ఆ మాట ఆవిడతో అనలేదు. ఆవిడ మొహం చూస్తే రోజూ తనతో తానే అనుకుంటోందని తెలుస్తూనే ఉంది.

"మెట్లు చూసొస్తాను," అని ఇన్‌స్పెక్టరుతో చెప్పి లేచాను.

"జాగ్రత్త గురువుగారూ. మీరు కూడా దొర్లి ఇంకో కేసు నా నెత్తిన పెట్టకండి."

వార్డులో మేస్త్రి మంచం వెనక తలుపు దగ్గరే ఉంది. రెండు చంకకర్రలూ గోడకి ఆనించి ఉన్నాయి. కర్రలు ఇక్కడ ఉన్నాయంటే కాలు తొడుక్కునే నడిచి వెళ్ళాడని ఇన్‌స్పెక్టరు లెక్క. నిజం చెప్పాలంటే నేనూ అలాగే అనుకున్నాను.

మెట్ల పక్క గోడకి ఈ మధ్యే సున్నం కొట్టారు. దిగేటప్పుడు ఎడమవైపు ఇనప కమ్మి, కుడివైపు గోడ. మెట్ల మీద ఏ ఆనవాళ్ళున్నా నిన్న పోలీసు బూట్లు సుబ్బరంగా తొక్కేశాయి. గోడని మాత్రం ఎవరూ తొక్కలేరు కదా. పై మెట్టు నుంచి సగం దూరం దాకా సున్నం ఒక చార లాగా రాలిపోయి ఉంది. ఎవరో గోడకి భుజం ఒరుసుకుంటూ దిగారు. పక్కన నిలబడి చూసుకున్నాను. నా భుజం తగలాలంటే ఆ చార జానెడు పైన ఉండాలి. మేస్త్రి నా అంత ఎత్తే. తమ్ముడు నాకంటే పొడుగు.

మేస్త్రికి పోయింది కుడికాలు. చేతికి ఎడమవైపు కమ్మి ఉండగా, ఇంత ఇరుకు మెట్ల మీద, ఆయనకీ గోడకీ మధ్య ఒక పొట్టి మనిషి ఇరుక్కుని ఎందుకు దిగినట్టు?

'కాలు జారితే తీసుకోవచ్చు, నోరు జారితే తీసుకోలేం' అని ఒకప్పుడు కుర్ర ఎస్సైలకి పాఠం చెప్పేవాణ్ణి. నిందితుణ్ణి కొట్టొద్దు, మాట్లాడనివ్వండి, వాడే జారతాడు అని. రెండు కాళ్ళూ ఉన్న రోజుల్లో చెప్పిన పాఠం అది. ఇప్పుడు ఒక్కో మెట్టూ దిగుతుంటే ఆ సామెత పుట్టించినవాడిని నిలబెట్టి అడగాలనిపించింది, కాలు జారితే ఎలా తీసుకుంటారో చూపించు నాయనా అని. సాకెట్టులో నా మొండి ఉడికిపోతోంది. లేని చిటికెనవేలు దురద పెడుతోంది. దాన్ని గోకే ఉపాయం ఇంతవరకు ఏ డాక్టరూ చెప్పలేదు.

కింద నేల కడిగేశారు. నడవా అవతల అద్దాల తలుపు మీద ఎర్ర అక్షరాలతో ఎమర్జెన్సీ అని రాసి ఉంది. ఇక్కడ నిలబడి గట్టిగా కేకేస్తే అక్కడివాళ్ళు పరుగెత్తుకొస్తారు. మేస్త్రి కేక ఎవరూ వినలేదు.

నడక నేర్పే ఫిజియో మేడమ్ తన గదిలో ఉంది. గది మధ్యలో పట్టుకుని నడవడానికి జంట కమ్మీలు, వాటి చివర నిలువెత్తు అద్దం. ఆవిడ ముక్కుసూటి మనిషి, పైగా కోపంగా ఉంది.

"సార్, ఒక్కటి చెప్పండి. నేను తొడుక్కోవద్దన్న కాలు ఆయన ఒంటి మీదకి ఎలా వచ్చింది?"

"తొడుక్కోవద్దన్నారా?"

"మొండి చివర బొబ్బలు లేచాయి. మూడు రోజులు కాలు ముట్టుకోవద్దని చెప్పాను. బొబ్బ పగిలితే పుండు. షుగర్ మనిషికి పుండు పడితే మళ్ళీ కత్తే. ఈసారి మోకాలు కూడా పోతుందని మొహం మీదే చెప్పాను."

"బొబ్బలు ఎందుకొచ్చాయి?"

"పంతం. యార్డువాళ్ళంతా కలిసి చూడ్డానికి వస్తామని కబురు పెట్టారు. నిన్న పొద్దునే రావాలి వాళ్ళు. వాళ్ళ ముందు చక్రాల కుర్చీలో కూర్చోను, నడిచి ఎదురెళ్తాను అని ముందురోజు ఈ కమ్మీల మధ్య ఒకటే నడక. చాలించండి అంటే నా మీద ఒంటికాలి మీద లేచాడు." ఆవిడ నాలిక కరుచుకుంది. "సారీ సార్."

"ఫరవాలేదు మేడమ్. మాకు ఇంకో విధంగా లేవడం కుదరదు."

ఆవిడ నవ్వలేదు. నాకూ నవ్వు రాలేదు.

"మర ఎవరు వదులు చేశారు?"

"తమ్ముడే. అన్నే చేయించాడు. పాదం కాస్త బయటికి తిప్పితే బొబ్బల మీద బరువు పడదని ఆయనగారి సొంత వైద్యం. నేను చూసి ఇద్దరినీ కేకలేశాను. తమ్ముడు సగంలో వదిలేసి, మేడమ్ చెప్పింది విను అన్నాడు. అక్కడే రాజుకుంది గొడవ. నీ చావు నువ్వు చావు అని ఆ కుర్రాడు ఏడుస్తూ వెళ్ళిపోయాడు. కోపంగా కాదు సార్, ఏడుస్తూ."

"ఇది ఇన్‌స్పెక్టరుకి చెప్పారా?"

"అడిగితే కదా!"

ఇన్‌స్పెక్టర్ని అక్కడికే పిలిపించాను. టీ గ్లాసుతో సహా వచ్చాడు. మర సంగతి మేడమ్ నోటితోనే చెప్పించాను. పట్టు సడలించలేదు.

"సగం వదిలేస్తే మాత్రం? అన్న అదే కాలుతో దిగుతాడని తెలిసీ బిగించకుండా పోయాడు. తెల్లారి ఫోను చేస్తే వచ్చి, నడిపిస్తానని మెట్ల మీదకి తీసుకొచ్చాడు."

"శవం ఫొటోలు చూపించు."

"మార్చురీ ఫొటోలు చూస్తారా? మీ ఆరోగ్యానికి మంచిది కాదేమో."

"నా ఆరోగ్యం సంగతి నాకొదిలెయ్. చూపించు."

ఫోను నా చేతిలో పెట్టాడు. మొదటి ఫొటోలో సాకెట్టు లాగేశాక మొండి ఉంది, దాని మీద తెల్ల మేజోడు. నున్నగా, ఎక్కడా గీత లేకుండా ఉంది. రెండో ఫొటోలో మేజోడు కూడా తీసేశారు. మొండి చివర, బొబ్బల మీదుగా, అడ్డంగా ఎర్రటి గీత. ముఖ్యంగా చూడవలసిందేమిటంటే, బొబ్బలు పగల్లేదు.

రెండు ఫొటోలూ మార్చి మార్చి చూశాను. తర్వాత కమ్మీల పక్కన బల్ల మీద కూర్చుని ప్యాంటు పైకి మడిచాను, పట్టీ విప్పి నా కాలు ఊడదీశాను. ఇన్‌స్పెక్టరు మొహం పక్కకి తిప్పుకున్నాడు. ఇన్నేళ్ళ స్నేహంలో అతని ముందు నేను కాలు ఊడదీయడం ఇదే మొదటిసారి.

"ఇటు చూడు. పక్కకి తిరిగితే కేసు తేలదు," అన్నాను. "నా మేజోటి చివర కుట్టు కనిపిస్తోందా? బయటివైపు ఉంది. మామూలు సాక్సు అయితే కుట్టు లోపలికి పోతుంది. మీ రెండు కాళ్ళవాళ్ళకి దానితో పనిలేదు. మాకు అలా కుదరదు. ఒంటి బరువంతా మొండి మీదే పడుతుంది. కుట్టు లోపల ఉంటే నాలుగు అడుగుల్లో చర్మాన్ని కోసేస్తుంది. అందుకని తిరగేసి వేస్తాం. ఇప్పుడు మేస్త్రి ఫొటో చూడు. కుట్టేది?"

అతను ఫొటో పెద్దది చేసి చూశాడు. "లోపల ఉంది."

"మేడమ్, మేస్త్రి ఎప్పుడైనా అలా వేసుకున్నాడా?"

"చచ్చినా వేసుకోడు," అంది ఆవిడ. తర్వాత అన్నమాటకి తనే ఇబ్బంది పడింది. "మొదటి వారం ఒకసారి వేసుకుని లబలబలాడాడు. ఆ తర్వాత తమ్ముడు కళ్ళు మూసుకుని కూడా సరిగ్గా వేసేవాడు."

"ఇంకో సంగతి. బొబ్బల మీద ఆ కుట్టు పెట్టుకుని సగం మెట్లు దిగి ఉంటే బొబ్బలు పగలాలి, మేజోడు తడవాలి. పొడిగా ఉంది. అంటే కాలు తొడిగారు గానీ దాని మీద ఎవరూ నిలబడలేదు. కానీ గీత ఎర్రగా కందింది. శవానికి కందదు. మీ పోస్టుమార్టం డాక్టరు ఏమన్నాడు? పడీపడగానే పోయాడన్నాడా?"

ఇన్‌స్పెక్టరు గ్లాసు కింద పెట్టాడు. "లేదు. పడ్డాక అరగంట దాకా ప్రాణం ఉండి ఉంటుందన్నాడు."

"అయితే లెక్క తేలింది. మేస్త్రి కాలు లేకుండా దిగుతూ పడ్డాడు. పడి కొనఊపిరితో ఉన్నప్పుడు ఎవరో తొడిగారు. తొడగని కాలికి మర వదులైతే ఎంత, బిగుతైతే ఎంత? నీ ఎలెన్ కీ తీసుకెళ్ళి సైకిలు బాగుచేసుకో. తమ్ముణ్ణి వదిలెయ్."

గెలిచానని అనుకున్నాను. పట్టీ బిగించుకుంటూ అతని మొహంలో ఓటమి వెతుక్కున్నాను. కనిపించలేదు. అతను కిటికీ వైపు చూస్తూ ఆలోచిస్తున్నాడు. నిజం ఒప్పుకోవాలి, ఇతను తెలివితక్కువవాడు కాదు. నేనే కదా తయారు చేసింది.

"సరే గురువుగారూ. తమ్ముడు కాదు. కాలు తొడగడం తెలిసినవాళ్ళెవరూ కాదు. మేడమ్ కాదు, వార్డులో మనుషులు కాదు. కుట్టు సంగతి తెలియని మనిషి. ఆయన లుంగీ ఎగిసిపోయి మొండి బయటపడితే చూసి ఊరుకోలేని మనిషి." మెల్లగా నా వైపు తిరిగాడు. "తమ్ముడి ఫోను నిజంగానే ఇంట్లో ఉందనుకుందాం. తెల్లవారుజామున అది మోగితే, అన్నదమ్ములు కలిసుండే ఆ ఇంట్లో ఎత్తడానికి ఇంకెవరున్నారు?"

నేను పట్టీ రంధ్రం తప్పి బిగించాను. గోడ మీద చార ఇతనికి చెప్పలేదు. చెప్పనవసరం కూడా లేకపోయింది. నా గదిలో కుర్చీ చివర కూర్చున్న ఆ పొట్టి మనిషి కళ్ళముందు కదిలింది. ఒక్కసారి కూడా నా కంట పడనివ్వలేదు అంది. ఆ ముక్క నిన్నే నా చేతిలో పెట్టింది. నేను దాన్ని దుఃఖం ఖాతాలో వేసి ఊరుకున్నాను.

"నాకు కాస్త టైమివ్వు," అన్నాను.

"తీసుకోండి. నాలుగింటికి మాత్రం నాకు ఒక మనిషి కావాలి. మరిదో, వదినో మీరే తేల్చండి."

ఆవిడ నడవాలో బల్ల మీద కూర్చుని ఉంది. ఒళ్ళో ఇస్త్రీ చేసిన చొక్కా. కోర్టుకి మరిది మాసిన బట్టలతో వెళ్ళకూడదని తెచ్చిందట. పక్కన కూర్చున్నాను. లోపల మొండి మంటెత్తుతోంది, పట్టీ సరిగ్గా పడలేదు.

"అమ్మా, మీ మరిది బయటికొచ్చేస్తాడు. మర వల్ల పడలేదని తేలింది."

ఆవిడ కళ్ళు మూసుకుంది. నిన్న రాని కన్నీళ్ళు ఇప్పుడొచ్చాయి. కొంగుతో తుడుచుకుని నా చెయ్యి పట్టుకోబోయింది. పట్టుకోనిస్తే ఇక అడగలేను.

"ఆ తెల్లవారుజామున ఫోను ఎత్తింది మీరే కదా?"

ఆవిడ చెయ్యి చొక్కా మీదకి తిరిగి వెళ్ళింది. కాలరు సర్దింది. సర్దిన కాలరే మళ్ళీ సర్దింది.

"ఎలా తెలిసింది?"

"మేజోడు కుట్టు లోపలికి వేశారు. అది బయటికి వెయ్యాలి."

నేను ఇన్ని విచారణలు చేశాను. బుకాయించినవాళ్ళని చూశాను, కాళ్ళ మీద పడ్డవాళ్ళని చూశాను. ఇలాంటి ప్రశ్న ఎవరూ నన్ను అడగలేదు.

"అయ్యో, తప్పు వైపు వేశానా? నొప్పెట్టి ఉంటుందా ఆయనకి?"

"లేదమ్మా," అన్నాను.

ఆవిడ గొంతు తగ్గించి చెప్పింది, ఎవరి నిద్రో చెడుతుందన్నట్టు. మేస్త్రి తమ్ముడికే ఫోను చేశాడు. ఆవిడ ఎత్తింది. అయితే నువ్వే రా, ఎవరికీ చెప్పకు, యార్డువాళ్ళు వచ్చేలోగా ఇంటికి పోదాం అన్నాడు. పాలవాళ్ళ కోసం తీసిన వెనక గేటులోంచి వచ్చింది. లిఫ్టు తెల్లారితే గానీ నడవదు. కర్రలు టకటకమంటే వార్డు లేస్తుందని వాటిని వదిలేశారు. కాలుని గుడ్డసంచిలో పెట్టి ఆవిడ భుజానికి తగిలించుకుంది. ఆయన ఒక చేత్తో కమ్మి, ఒక చేత్తో ఆవిడ భుజం పట్టుకుని గెంతుతూ దిగాడు.

"బాగానే దిగుతున్నాం అన్నయ్యగారూ. ఇంకా నవ్వారు కూడా. పెళ్ళయిన కొత్తలో కూడా ఇంత దగ్గరగా నడవలేదే అన్నారు. అని, మామూలుగా కుడికాలు ముందుకేశారు."

"లేని కాలు."

"ఉన్నట్టే వేశారు. ఏ మాత్రం అనుమానం లేకుండా వేశారు. నా భుజం మీంచి జారిపోయారు."

నాకు ఆ అడుగు తెలుసు. మంచం దిగుతూ నేను కూడా వేశాను, రెండుసార్లు. కాలుని కోసేవాళ్ళు కాలునే కోస్తారు. అది ఉందన్న నమ్మకాన్ని కొయ్యలేరు.

"కింద పడి నా వైపు చూశారు. మాట వచ్చింది. లుంగీ చెదిరిపోయి మొండి కనిపిస్తోంది. కాలు తొడుగు, వాళ్ళు ఇలా చూడకూడదు, తర్వాత పిలువు అన్నారు. నేనెప్పుడూ చూడలేదు దాన్ని. ఎటు పట్టుకోవాలో తెలియదు. ఎలాగో దూర్చి, పట్టీ పెట్టి, ఇదిగో అయిపోయిందండీ అని మొహం చూసేసరికి..." ఆవిడ చొక్కా మీద చెయ్యి ఆపింది. "ఎవరికీ చెప్పకు అన్నారు కదా. ఇంటికెళ్ళి కూర్చున్నాను. ఫోనొచ్చే దాకా."

"మీ మరిదిని పట్టుకున్నప్పుడైనా చెప్పాల్సింది."

"చెబితే కాలు లేకుండా పడ్డారని కూడా చెప్పాలిగా? మేస్త్రి నడుస్తూ పోయాడని యార్డంతా అనుకుంటోంది. ఆ ఒక్కటీ మిగలనిద్దామనుకున్నాను. మీరు తెలివైనవారట, వాణ్ణి ఎలాగైనా తెస్తారు, నేను చెప్పక్కర్లేదు అనుకున్నాను."

ఎదురుగా నీడ పడింది. ఇన్‌స్పెక్టరు ఎప్పుడొచ్చాడో తెలియదు. చేతిలో గ్లాసు లేదు.

"అరగంట," అన్నాడు. "పడ్డాక అరగంట బతికున్నాడమ్మా మీ ఆయన. నడవా అవతలే ఎమర్జెన్సీ. ఒక్క కేక వెయ్యలేకపోయారా?"

"నోరు ముయ్," అన్నాను. ఆలస్యమైంది.

ఆవిడ అద్దాల తలుపు వైపు చూసింది. ఎర్ర అక్షరాలు కూడబలుక్కుని చదివినట్టు చూసింది. తర్వాత నన్నడిగింది.

"అప్పుడే పిలిస్తే బతికేవారా?"

నేను నేల వైపు చూశాను. ఇన్‌స్పెక్టరు ఖాళీ చేతుల వైపు చూసుకున్నాడు. ఆవిడకి జవాబు అందింది.

"మీకూ పోయింది కాలే కదా అన్నయ్యగారూ. ఆయన చోట మీరుంటే ఏమనేవారు? ముందు కాలు తొడుగు అనేవారా? ముందు డాక్టర్ని పిలువు అనేవారా?"

లేదమ్మా, డాక్టర్నే పిలవమనేవాణ్ణి అనాలి. ఆ మాట నాలిక చివర దాకా వచ్చింది. అంతలో ఇందాక ఇన్‌స్పెక్టరు మొహం పక్కకి తిప్పుకోవడం గుర్తొచ్చింది.

"కాలే తొడగమనేవాణ్ణి," అన్నాను.

ఆవిడ తల ఊపింది. చొక్కా మడత చెడకుండా నా ఒళ్ళో పెట్టింది. "ఇది మా మరిదికివ్వండి." లేచి ఇన్‌స్పెక్టరు ఎదుట నిలబడింది. అతని భుజం దాకా కూడా రాలేదు.

"బూటు వాసన వచ్చినప్పుడూ చెప్పలేదు. మెట్ల కింద పడున్నప్పుడూ పిలవలేదు. ఆయన్ని చంపింది నేనేనండీ. రాసుకోండి."

"అది కాదు ఆవిడ అన్నది!" నేను లేవబోయాను. తప్పు రంధ్రంలో ఉన్న పట్టీ ఊడి, సాకెట్టు పక్కకి తిరిగి, మళ్ళీ బల్ల మీద కూలబడ్డాను. "దుఃఖంలో అన్న మాట. వాంగ్మూలం కాదది. నీకూ తెలుసు."

ఇన్‌స్పెక్టరు జేబులోంచి పెన్ను తీశాడు. పెదవి చివర నవ్వు లేదు. అది ఉన్నా నేను భరించేవాణ్ణి.

"కాలు జారితే తీసుకోవచ్చు గురువుగారూ," అన్నాడు నా ఊడిన కాలు వైపు చూస్తూ. "రెండో సగం మీరే నేర్పారు."

పెన్ను మూత తీసి ఆవిడని కూర్చోమన్నాడు.